పీటర్ పాన్‌కు గొంతిచ్చిన బాబీ డ్రిస్కాల్‌ను మొటిమలు వచ్చాయనే తీసేశారా?

మీరు అడిగినవి మూడు సంగతులు. డిస్నీ వారి బొమ్మల సినిమా 'పీటర్ పాన్'లో పీటర్‌కు గొంతిచ్చిన కుర్రవాణ్ణి న్యూయార్క్‌లో దిక్కులేని శవంగా పూడ్చారన్నది నిజమేనా? ముఖం మీద మొటిమలు వచ్చాయని స్టూడియో అతణ్ణి వదిలించుకుందా? ఆస్కార్ అందుకున్న పిల్లవాడికి ఆ గతి ఎలా పట్టింది? మొదటిదానికి జవాబు అవును. రెండోదానికి సగం అవును. మూడోదాని కోసమే ఇంత పొడుగు రాస్తున్నాను.

నేను చరిత్రకారుణ్ణి కాను. పాతికేళ్ళకు పైగా డబ్బింగ్ థియేటర్లలో పిల్లల చేత మాటలు చెప్పించాను. అందువల్ల బాబీ డ్రిస్కాల్ కథను మీరు చదివిన వ్యాసాలకన్నా కొంచెం వేరే వైపు నుంచి చూస్తాను. మా పనిలో ఒక చేదు లెక్క ఉంది. ఎనిమిదేళ్ళ పిల్లవాడు బాగా చెబుతున్నాడంటే ఆ గొంతు మనకు మహా అయితే నాలుగైదేళ్ళు పనికొస్తుంది. తర్వాత ఒక రోజు ఉదయం వచ్చి "నమస్కారం సార్" అంటాడు. ఆ రెండు మాటలు వినగానే అయిపోయిందని తెలిసిపోతుంది. పిల్లవాడికి ఆ సంగతి ఇంకా తెలియదు. ఎలా చెప్పాలో మనకూ తెలియదు. చాలామంది చెప్పరు, మళ్ళీ పిలవరు, అంతే. నేనూ అలా చేసినవాణ్ణే.

ఎదగనని మొండికేసే పాత్రకు గొంతిచ్చినవాడు ఎదిగినందుకే నాశనమయ్యాడన్న వాక్యం డ్రిస్కాల్ మీద రాసిన ప్రతిచోటా కనిపిస్తుంది. వినడానికి బాగుంటుంది గానీ, ఎందుకు అలా జరిగిందో అది చెప్పదు. కాబట్టి మొదటి నుంచి వద్దాం.

రాబర్ట్ క్లీటస్ డ్రిస్కాల్ 1937 మార్చి 3న అమెరికాలోని అయోవా రాష్ట్రంలో, సీడర్ ర్యాపిడ్స్ అనే ఊళ్ళో పుట్టాడు. తల్లిదండ్రులకు ఒక్కడే సంతానం. తల్లి బడిపంతులుగా పనిచేసి మానేసిన మనిషి. తండ్రి ఇళ్ళ గోడల్లో వేడీ చలీ ఆపడానికి నింపే సరుకు అమ్మేవాడు. ఆ వ్యాపారంలో ఆస్‌బెస్టాస్ ధూళికి ఊపిరితిత్తులు పాడై, గాలి మార్పు కావాలని వైద్యుడు చెబితే 1943లో కుటుంబం కాలిఫోర్నియా చేరింది. అంటే వాళ్ళు సినిమాల కోసం అక్కడికి వెళ్ళలేదు. క్షవరం చేయించుకోవడానికి వెళితే, అప్పటికే తన కొడుకును సినిమాల్లో వేయిస్తున్న మంగలి "ఈ పిల్లవాణ్ణి స్టూడియోకు తీసుకువెళ్ళండి" అన్నాడట. ఎం.జి.ఎం. స్టూడియోలో ఉత్తుత్తి ఓడ సెట్టు చూసి, "నీళ్ళేవి?" అని అడిగాడనీ, ఆ ప్రశ్నకే వాళ్ళు పడిపోయారనీ చెప్పుకుంటారు. ఏమైనా, 1943లో 'లాస్ట్ ఏంజెల్' అనే చిత్రంలో చిన్న వేషం దొరికింది. అప్పటికి వాడికి ఆరేళ్ళు.

తర్వాత మూడేళ్ళలో వరుసగా చిన్నా పెద్దా వేషాలు. 1944లో వచ్చిన సల్లివాన్ అన్నదమ్ముల చిత్రంలో ఐదుగురిలో చిన్నవాడి బాల్యం వేశాడు. అసలు మలుపు 1946లో డిస్నీ తీసిన 'సాంగ్ ఆఫ్ ది సౌత్'. అంతవరకు వాల్ట్ డిస్నీ వ్యాపారమంతా బొమ్మల మీదే నడిచేది. జీతమిచ్చి నటులను పెట్టుకోవలసిన అవసరం రాలేదు. బొమ్మలనూ మనుషులనూ కలిపి తీసిన ఈ చిత్రం కోసం బాబీని, లువానా ప్యాటెన్ అనే చిన్నపిల్లను కాంట్రాక్టు మీద తీసుకున్నారు. డిస్నీ సంస్థ అలా కట్టేసుకున్న మొట్టమొదటి నటులు వీళ్ళిద్దరే. తెల్లవారి పెద్ద తోటల్లో పనిచేసే నల్లజాతివారి జీవితాన్ని చిత్రం తియ్యగా చూపించిందని అప్పుడే విమర్శలు వచ్చాయి. అట్లాంటాలో తొలి ప్రదర్శన జరిగితే, అందులో కథలు చెప్పే ముసలి అంకుల్ రీమస్ వేషం వేసిన నల్లజాతి నటుడు జేమ్స్ బాస్కెట్ వర్ణవివక్ష వల్ల అక్కడికి రాలేకపోయాడు. ఈ రోజుకీ అమెరికాలో ఆ చిత్రాన్ని ఇంట్లో చూసుకునే రూపంలో విడుదల చేయలేదు. ఈ చిత్రం పేరు చివర్లో మళ్ళీ వస్తుంది, గుర్తుంచుకోండి.

అతని గొప్ప పని మాత్రం డిస్నీ చిత్రంలో లేదు. 1949లో ఆర్.కె.ఓ. సంస్థ విడుదల చేసిన 'ది విండో'లో ఉంది. అప్పట్లో డిస్నీ చిత్రాలను పంపిణీ చేసేది ఆర్.కె.ఓ.నే. అందుకే పిల్లవాణ్ణి వాళ్ళకు అరువిచ్చారు. కథ న్యూయార్క్‌లోని ఇరుకు అద్దె ఇళ్ళలో జరుగుతుంది. టామీ అనే కుర్రవాడు ఎప్పుడూ ఏవో కట్టుకథలు చెబుతుంటాడు. ఉక్కపోత భరించలేక ఒక రాత్రి బయట ఇనప మెట్ల మీద పడుకుని, పై వాటా కిటికీలోంచి ఒక హత్య చూస్తాడు. చెబితే ఎవరూ నమ్మరు. కథలో ఉన్నదింతే. కార్నెల్ ఊల్రిచ్ రాసిన కథ అది. చిత్రం నిడివి గంటా పావు కూడా ఉండదు. 1947లోనే తీసినా, మధ్యలో ఆర్.కె.ఓ. సంస్థ హోవర్డ్ హ్యూస్ అనే కోటీశ్వరుడి చేతికి వెళ్ళడంతో డబ్బాల్లో మూలుగుతూ ఉండిపోయింది. చివరికి విడుదలయ్యాక జనం విరగబడి చూశారు.

అప్పట్లో హాలీవుడ్‌లో బాలనటుడంటే సొట్టబుగ్గలు, నాటకీయంగా గిర్రున తిరిగే కన్నీళ్ళు, పెద్దల మాటలు పలికే నోరు. డ్రిస్కాల్ అలా చేయడు. భయపడినప్పుడు కళ్ళు పెద్దవి చేయడు, ఊపిరి బిగపడతాడు. ఎవరూ నమ్మడం లేదని తెలిశాక గొంతు పెంచడు, తగ్గిస్తాడు. ఇది నేర్పితే వచ్చేది కాదు. నేను నేర్పడానికి ప్రయత్నించి ఓడిపోయినవాణ్ణి కనుక చెబుతున్నాను. 1950 మార్చి 23న జరిగిన ఆస్కార్ వేడుకలో, 1949 సంవత్సరానికి ఉత్తమ బాలనటుడిగా అతనికి ప్రత్యేక పురస్కారం ఇచ్చారు. అప్పటికి అతనికి పదమూడేళ్ళు.

మీకు ఆ పురస్కారం గురించి కూడా చెప్పాలి, ఎందుకంటే "ఆస్కార్ అందుకున్న" అన్న మాట చదవగానే మనం పెద్దల బహుమతి అనుకుంటాం. అది పిల్లల కోసం చేసిన చిన్న సైజు బొమ్మ. షర్లీ టెంపుల్‌తో మొదలై, 1961లో హేలీ మిల్స్‌తో ఆగిపోయింది. మొత్తం పన్నెండు మందికి ఇచ్చారు. పెద్దలతో పోటీ పెట్టకుండా, పక్కన కూర్చోబెట్టి, తల నిమిరి ఇచ్చే బహుమతి. అందులో ప్రేమ ఉంది. "నువ్వు ఈ వయసుకు బాగా చేశావు" అన్న షరతూ ఉంది. ఆ షరతే మన అసలు విషయం.

అదే సమయంలో 'ట్రెజర్ ఐలండ్' తీశారు. డిస్నీకి ఇది మొత్తంగా మనుషులతో తీసిన మొదటి చిత్రం. ఇంగ్లండులోనే ఎందుకు తీశారంటే, యుద్ధం తర్వాత బ్రిటన్ ప్రభుత్వం అమెరికా సినిమాల వసూళ్ళను దేశం దాటనివ్వలేదు. ఇరుక్కుపోయిన పౌండ్లను అక్కడే ఖర్చు పెట్టడానికి ఈ ఏర్పాటు. చిత్రీకరణ సాగుతుండగా బాబీకి చట్టప్రకారం ఉండవలసిన పని అనుమతి లేదని తేలింది. న్యాయస్థానం జరిమానా వేసి, దేశం విడిచి వెళ్ళమంది. అప్పీలుకు దొరికిన గడువులో దర్శకుడు బైరన్ హాస్కిన్ మిగతా పనులన్నీ పక్కన పెట్టి పిల్లవాడి ముఖం కనిపించే షాట్లన్నీ చకచకా లాగేశాడు. వాడు వెళ్ళిపోయాక దూరం షాట్లకు అక్కడి కుర్రవాణ్ణి పెట్టుకున్నారు. ఈసారి చూసినప్పుడు, బాబీ వేసిన జిమ్ హాకిన్స్ పాత్ర వీపు మాత్రమే కనిపించే చోట్ల కాస్త గమనించండి.

ఇక 'పీటర్ పాన్'. మన డబ్బింగ్‌లో బొమ్మ ముందు, మాట తర్వాత. పెదవి ఎక్కడ మూసుకుంటే అక్కడ మన 'ప', 'బ', 'మ' పడాలని కొట్టుకుంటాం. డిస్నీలో ఇది తలకిందులు. మాట ముందు రికార్డు చేసి, ఆ మాటకు తగ్గట్టు బొమ్మ గీస్తారు. పైగా నటులతో సన్నివేశం మొత్తం ఆడించి ఫిల్ము తీసి, చిత్రకారులకు చూసుకోవడానికి ఇస్తారు. పీటర్ ఎగరడాలు, నాట్యాలు రోలండ్ డుప్రీ అనే నర్తకుడివి. ముఖం దగ్గరగా కనిపించే చోట్ల మాత్రం డ్రిస్కాలే నమూనా. అంటే తెర మీద ఆ పైకి లేచే కనుబొమ, ఆ గర్వపు నవ్వు, ఆ గొంతు, మూడూ వాడివే. రంగస్థలం మీద ఆ పాత్రను ఆడవాళ్ళు వేయడం దశాబ్దాల ఆచారం. దాన్ని పక్కన పెట్టి ఒక కుర్రవాడికి ఇచ్చారు.

ఆ గొంతును ఒకసారి కళ్ళు మూసుకుని వినండి. 'సాంగ్ ఆఫ్ ది సౌత్' నాటి లేత గొంతు అది కాదు. అడుగున కొంచెం గరుకు చేరింది. పెద్దగా అరిచినచోట గొంతు పైకి వెళ్ళకుండా పక్కకు జారుతుంది. మా భాషలో చెప్పాలంటే రేపో మాపో మారబోయే గొంతు. నా చెవికి పీటర్‌లోని ఆ తలబిరుసుతనానికి సగం కారణం అదే. పూర్తి పసిగొంతు పెట్టి ఉంటే ముద్దుగా ఉండేవాడు, అంత పొగరుగా ఉండేవాడు కాదు. అంటే స్టూడియో ఆ పిల్లవాడి చివరి నెలల గొంతును సరిగ్గా పట్టుకుని వాడుకుంది.

చిత్రం 1953 ఫిబ్రవరిలో విడుదలైంది. కొన్ని వారాలకే, మార్చిలో, ఇంకా రెండేళ్ళు పొడిగించే వీలున్న కాంట్రాక్టును డిస్నీ సంస్థ ముగించింది. బయటికి చెప్పిన కారణం, ముఖం నిండా మొటిమలు. టీవీ వేషాలకు కూడా దట్టంగా మేకప్ వేయవలసి వస్తోందన్నారు.

మొటిమలున్న మాట నిజమే. కానీ మొటిమలు కప్పలేని మేకప్ మనిషి ఏ స్టూడియోలో ఉంటాడు? అది కారణం కాదు, కారణానికి తొడిగిన ముసుగు. డిస్నీ ఆ పిల్లవాణ్ణి నటుడిగా కొనలేదు, ఒక వయసుగా కొనుక్కుంది. ఆ వయసు అయిపోయింది. ఇందులో ప్రత్యేకమైన దుర్మార్గం ఏమీ లేదు. అందరూ చేసేదే. నాకు భయంకరంగా అనిపించేదీ అదే.

దీనికి తోడు కాలం కూడా కలిసిరాలేదు. ఈ భాగాన్ని చాలామంది రాయరు. 1948లో అమెరికా సుప్రీంకోర్టు పెద్ద స్టూడియోలు సొంత థియేటర్లు ఉంచుకోరాదని తీర్పు చెప్పింది. ఇంకోవైపు టెలివిజన్ ఇళ్ళలోకి వచ్చేసింది. నటులను ఏళ్ళ తరబడి జీతాలిచ్చి పోషించే పద్ధతి అన్ని స్టూడియోల్లోనూ కూలిపోతోంది. పదేళ్ళ ముందైతే పదహారేళ్ళ కుర్రవాణ్ణి రెండు మూడేళ్ళు చిన్న వేషాల్లో తిప్పి, ముఖం సర్దుకున్నాక మళ్ళీ ముందుకు తెచ్చే ఓపిక ఉండేదేమో. మిక్కీ రూనీ లాంటివాళ్ళు అలాగే నెగ్గుకొచ్చారు. 1953లో ఆ ఓపిక ఎవరికీ లేదు. చిత్రమేమిటంటే, 1955 అక్టోబరులో అదే డిస్నీ 'మిక్కీ మౌస్ క్లబ్' అనే టీవీ కార్యక్రమం మొదలుపెట్టి ఎదిగే వయసు పిల్లలను గుంపుగా తీసుకుంది. రెండేళ్ళ తేడా.

అతని ఈడు మార్పును చూసి బెదరకుండా వాడుకున్న చిత్రం ఒకటి ఉంది. 1952లో కొలంబియా తీసిన 'ది హ్యాపీ టైమ్'. ఒట్టావాలోని ఫ్రెంచి కుటుంబంలో మీసాలు మొలిచే వయసు కుర్రవాడి అవస్థలు అందులో కథ. హాయిగా చేశాడు. అలాంటివి ఇంకో రెండు దొరికి ఉంటే మనం ఈ సంభాషణ చేసేవాళ్ళం కాదు.

కాంట్రాక్టు పోయాక తల్లిదండ్రులు అతణ్ణి సినిమా పిల్లలు చదివే బడి మాన్పించి మామూలు ప్రభుత్వ పాఠశాలలో చేర్చారు. వాళ్ళ ఉద్దేశం మంచిదే, మామూలు పిల్లల మధ్య మామూలుగా పెరుగుతాడని. అక్కడ తోటివాళ్ళు అతని సినిమాలు గుర్తుచేసి ఏడిపించారు. మత్తుమందుల అలవాటు ఆ రోజుల్లోనే మొదలైంది. మళ్ళీ పాత బడికే పంపమని వేడుకుని, 1955లో చదువు ముగించాడు. ఆరేళ్ళ నుంచి సెట్టు మీద, స్టూడియో పంతులు దగ్గర, పెద్దల మధ్య పెరిగిన పిల్లవాడికి తరగతిగదిలో ఎలా కూర్చోవాలో ఎవరూ చెప్పలేదు. డైలాగు చెప్పడం తెలిసినవాడికి మాట్లాడటం తెలియాలని లేదు.

ఆ తర్వాతది త్వరగా చెప్పేస్తాను, ఎందుకంటే దాన్ని రుచిగా వర్ణించేవాళ్ళు చాలామంది ఉన్నారు. 1956లో గంజాయి కేసు, అది కొట్టేశారు. అదే ఏడాది చివర పెళ్ళి, ముగ్గురు పిల్లలు, విడాకులు. హెరాయిన్. 1958లో 'ది పార్టీ క్రాషర్స్' అనే చిన్న చిత్రం, వెండితెర మీద పెద్దవేషం అదే చివరిది. 1960 ఫిబ్రవరిలో, ప్రముఖుల పేర్లతో నక్షత్రాలు పొదిగే హాలీవుడ్ కాలిబాట మీద అతని పేరుతోనూ ఒకటి వేశారు. 1961లో మత్తు బానిసగా శిక్షపడి కాలిఫోర్నియాలోని చీనో కారాగారంలో ఉన్న చికిత్సా కేంద్రానికి వెళ్ళాడు. తనను వెండి పళ్ళెంలో మోసుకెళ్ళి, ఆ తర్వాత చెత్తకుండీలో పడేశారని అన్న మాట అతనిదే.

1965లో నాటకాల మీద ఆశతో న్యూయార్క్ వెళ్ళాడు. వేషాలు దొరకలేదు. అంతకుముందే లాస్ ఏంజెలెస్‌లో వాలెస్ బెర్మన్ అనే చిత్రకారుడి చుట్టూ ఉన్న బృందంలో చేరి, కాగితాలు కత్తిరించి అతికే కొల్లాజ్ చిత్రాలు చేసేవాడు. వాటికి కొంత మెప్పూ వచ్చింది. ఆ బృందంలోనే డీన్ స్టాక్‌వెల్ ఉన్నాడు. ఒక ఏడాది పెద్దవాడు, ఎం.జి.ఎం. బాలనటుడు, అదే తరం, అవే పత్రికల ముఖచిత్రాలు. స్టాక్‌వెల్ పదహారేళ్ళకు తనంతట తానే సినిమాలు వదిలి వెళ్ళిపోయి, తర్వాత తిరిగివచ్చి, కేన్స్ చిత్రోత్సవంలో నటుడి బహుమతి అందుకుని, ఎనభై ఏళ్ళు దాటి బతికాడు. ప్రతిభలో ఇద్దరికీ పెద్ద తేడా లేదు. ఒకడు తలుపు తెరుచుకుని వెళ్ళాడు, ఇంకొకడి ముఖం మీద తలుపు మూశారు. ఇదొక్కటే కారణమని అనను. కానీ పిల్లలతో పనిచేసినవాణ్ణిగా ఈ తేడాను చిన్నదిగా చూడలేను.

1968 మార్చి 30న న్యూయార్క్ ఈస్ట్ విలేజ్‌లో పాడుబడిన ఒక ఇంట్లో ఆడుకోవడానికి దూరిన ఇద్దరు పిల్లలకు అతని శవం కనిపించింది. ఏళ్ళ తరబడి వాడిన మత్తుమందుల వల్ల రక్తనాళాలు గట్టిపడి గుండె ఆగిపోయిందని తేల్చారు. అప్పటికి ముప్ఫై ఒకటో పుట్టినరోజు దాటి నెల కూడా కాలేదు. దగ్గర ఏ గుర్తింపూ లేదు. ఫోటో చూపించి చుట్టుపక్కల అడిగితే ఎవరూ పోల్చుకోలేదు. ఎవరూ రాని శవాలను పూడ్చే హార్ట్ ద్వీపానికి పంపారు. బ్రాంక్స్‌కు ఆనుకుని నీళ్ళ మధ్య ఉన్న ఆ ద్వీపంలో పది లక్షలకు పైగా మనుషులు అలా పొడుగాటి కందకాల్లో ఉన్నారు. అప్పట్లో ఖైదీలే పూడ్చేవారు.

ఏడాదిన్నర గడిచాక తండ్రి చావుబతుకుల్లో ఉన్నాడని, కొడుకును ఒకసారి చూపించాలని తల్లి వెతకడం మొదలుపెట్టింది. డిస్నీ సంస్థవారి సహాయం కూడా అడిగింది. చివరికి న్యూయార్క్ పోలీసులు వేలిముద్రలు పోల్చి, ఫలానా తేదీన పూడ్చిన శవం ఇతనిదేనని చెప్పారు. ఇక్కడ కాసేపు ఆగండి. ప్రపంచమంతా చూసిన ముఖం అతణ్ణి పట్టించలేదు. ప్రపంచమంతా విన్న గొంతు పట్టించలేదు. పోలీసు కేసుల్లో తీసుకున్న వేలిముద్రలు పట్టించాయి. అరెస్టు కాకపోయి ఉంటే ఆ తల్లికి ఈ రోజుకీ తెలిసేది కాదు.

లోకానికి తెలియడానికి ఇంకా రెండేళ్ళు పట్టింది. 1972 ప్రాంతంలో 'సాంగ్ ఆఫ్ ది సౌత్' మళ్ళీ థియేటర్లకు వచ్చినప్పుడు, ఆ పిల్లవాడు ఇప్పుడేం చేస్తున్నాడని విలేకరులు ఆరా తీశారు. అప్పుడు బయటపడింది. కాలిఫోర్నియాలోని ఓషన్‌సైడ్‌లో తండ్రి సమాధిరాయి మీద కొడుకు పేరు కూడా చెక్కారు. మనిషి మాత్రం హార్ట్ ద్వీపంలోనే ఉన్నాడు.

మీ ప్రశ్న కింద ఒకరు "బాలనటులకు చట్టం ఉంది కదా" అన్నారు. ఉంది. 'ది కిడ్'లో చాప్లిన్ పక్కన నటించిన జాకీ కూగన్ లక్షల డాలర్లు సంపాదిస్తే, తల్లీ సవతి తండ్రీ ఖర్చు పెట్టేశారు. 1938లో వాళ్ళ మీద దావా వేసి అతను దక్కించుకున్నది 1,26,000 డాలర్లు. దాని ఫలితంగా 1939లో కాలిఫోర్నియా చట్టం చేసింది. పిల్లల సంపాదనలో కొంత భాగం దాచమని న్యాయమూర్తి ఆదేశించవచ్చని అందులో ఉంది. ఆదేశించి తీరాలని లేదు. సంపాదన పిల్లలదేననీ, పదిహేను శాతం తప్పనిసరిగా దాచాలనీ స్పష్టం చేయడానికి 2000 సంవత్సరం దాకా పట్టింది. అయినా అది డబ్బు గురించిన చట్టం. "నిన్ను ఇక పిలవం, ఎందుకంటే నువ్వు పెద్దవాడివయ్యావు, అది నీ తప్పు కాదు" అని పిల్లవాడికి ఎదురుగా కూర్చుని చెప్పాలన్న చట్టం ఎక్కడా లేదు.

డ్రిస్కాల్‌ను చూడాలనుకుంటే 'పీటర్ పాన్'తో మొదలుపెట్టకండి. 'ది విండో' చూడండి. అందులో తల్లి, కొడుకు అబద్ధాలాడాడనుకుని, చేయి పట్టుకుని పై వాటాకు లాక్కెళ్ళి, ఆ హంతకురాలికే క్షమాపణ చెప్పిస్తుంది. తల్లి మాటలు వదిలేసి, ఆ కొద్ది నిమిషాలూ పిల్లవాణ్ణి మాత్రమే చూడండి.